సంజాయిషీకి విలువ ఇవ్వండి

ఊళ్లో ఎల్‌ఐసీ ఏజెంటును అందరూ ఆ సంస్థ మనిషిగానే చూస్తారు. సంస్థ లెక్కల్లో మాత్రం ఆయన ఉద్యోగి కాడు. జీతం లేదు, తెచ్చిన పాలసీల మీద వచ్చే కమీషనే రాబడి. అలాంటివారు దేశంలో పదమూడు లక్షలకు పైగా ఉన్నారు. వారిలో ఒకరి మీద ఫిర్యాదు వచ్చి, డివిజనల్ కార్యాలయం ఏజెన్సీ రద్దు చేస్తే, ఆయన హైకోర్టుకు వెళ్లి అడగగలిగిందెంత?

వెళ్లే దారైతే ఉంది. ఎల్‌ఐసీ కూడా రాజ్యాంగం 12వ అధికరణ చెప్పే ‘రాజ్యం’ కిందికే వస్తుందని సుప్రీంకోర్టు 1975లోనే తేల్చింది కాబట్టి రిట్ వేయవచ్చు. (ప్రైవేటు కంపెనీ ఏజెంటుకు మామూలుగా ఆ వీలు కూడా ఉండదు.) కానీ లోపలికి వెళ్లాక దొరికేది కొంతే. ఆంధ్రప్రదేశ్‌కు చెందిన ఒక పోలీసు సబ్‌ఇన్‌స్పెక్టర్ బర్తరఫ్ కేసులో 1963లో సుప్రీంకోర్టు హద్దు గీసింది. శాఖాపరమైన విచారణ మీద హైకోర్టు అప్పీలు కోర్టు కాదు. అసలు సాక్ష్యమంటూ ఉందా, విచారణ పద్ధతి ప్రకారం సాగిందా, ఎదుటివారి మాట విన్నారా అన్నవే చూస్తుంది. ఉన్న సాక్ష్యం చాలుతుందో లేదో తూచే పని పెట్టుకోదు. ఏజెంట్ల కేసుల్లోనూ కోర్టుల చూపు ఇంచుమించు ఇదే.

ఈ సంయమనం సబబే. అయితే అందువల్ల కింది కార్యాలయం బాధ్యత ఇంకా పెరుగుతుంది. నిజానిజాలు తేలేది అక్కడే కదా!

పాలసీ తీసుకున్న కొన్ని నెలలకే మనిషి పోతాడు. క్లెయిము మీద ఆరా తీస్తే ఆసుపత్రి కాగితాల్లో పాత జబ్బు బయటపడుతుంది. ప్రపోజల్ ఫారంలో మాత్రం జబ్బేమీ లేదని ఉంటుంది. మూడేళ్లు నిండని పాలసీ కనుక సంస్థ ప్రశ్నించవచ్చు. ‘ఏజెంటుకు అన్నీ చెప్పాం, ఆయనే రాసుకుని సంతకం పెట్టించుకున్నాడు’ అంటుంది కుటుంబం. ‘నాకు ఒక్క ముక్క చెప్పలేదు’ అంటాడు ఏజెంటు. చెప్పిన మనిషి ఇప్పుడు లేడు. ఇలాంటిచోట కుటుంబం ఇచ్చిన వాంగ్మూలం నకలు ఏజెంటుకు అందాలి. దాన్ని ప్రశ్నించే అవకాశమూ ఆయనకు ఉండాలి. అవి లేకుండా నిజం బయటికి రాదు. ఆయన దోషి అయినా సరే.

ఏజెన్సీ రద్దు చేసే ముందు సంజాయిషీకి తగిన అవకాశం ఇవ్వాలని ఏజెంట్ల కోసం 1972లో చేసిన నిబంధనలే చెప్పాయి. పోయేది చిన్నదేం కాదు. చాలాకాలం పనిచేసిన ఏజెంటుకు పని మానేశాక కూడా రెన్యువల్ కమీషన్ అందుతుంది. పింఛను లేని ఆ ఇంటికి ముసలితనంలో ఆసరా అదే. మోసం కింద తొలగిస్తే అదీ పోతుంది. అందుకే ‘మోసం’ అన్న మాట ఉత్తర్వులో చేరే ముందు పదిసార్లు ఆలోచించాలి.

విచారణ నివేదిక ప్రతి ఇవ్వకుండా ఉద్యోగిని శిక్షించడం తగదని 1993లో హైదరాబాద్ ఈసీఐఎల్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. అది ఉద్యోగుల సంగతే కావచ్చు. ఏజెంటుకూ ఆపాటి మన్నన ఇస్తే సంస్థకు నష్టమేముంది? ఇవ్వకపోతేనే నష్టం. పద్ధతి తప్పిందని కోర్టు ఉత్తర్వు కొట్టేసి, మళ్లీ విచారించమని వెనక్కి పంపేసరికి ఏళ్లు గడుస్తాయి, సాక్షులు చెదిరిపోతారు. నిజంగా మోసం చేసినవాడు ఆ సందులోంచి బయటపడతాడు. మోసపోయిన పాలసీదారు ఎక్కడున్నాడో అక్కడే ఉంటాడు. తొందరపాటును కాఠిన్యమనుకోవడం కార్యాలయాలకు అలవాటైంది, అది మానాలి. నోటీసులో ఆరోపణ స్పష్టంగా, ఏజెంటుకు అర్థమయ్యే భాషలో ఉండాలి. ఆధారాల ప్రతులు జతచేయాలి. సంజాయిషీని ఎందుకు ఒప్పుకోలేదో ఉత్తర్వులో నాలుగు వాక్యాలైనా రాయాలి.

పాలసీ తీసుకునేవారికీ ఒక మాట. ఫారం వేరొకరు నింపితే, ప్రశ్నలన్నీ మీకు అర్థమయ్యేలా వివరించామని వారు సంతకం చేయాల్సిన చోటు అందులోనే ఉంటుంది. మీరు సంతకం పెట్టే ముందు అది ఖాళీగా ఉందేమో చూసుకోండి.