గుమాస్తా గీసిన గీత

రాబర్ట్ క్లైవ్ అనగానే మనకు ప్లాసీ యుద్ధం యాదికొస్తది. బడి పుస్తకాలు అట్ల నేర్పినయి. నిజానికి 1757 జూన్ 23న ఆ మామిడితోపుల జరిగింది యుద్ధం కన్నా బేరమే ఎక్కువ. నవాబు సేనాని మీర్ జాఫర్ ముందే అమ్ముడుపోయిండు. ఈ కుట్రల నడుమ ఉన్న వర్తకుడు ఉమీచంద్ తన వాటా రాసియ్యమంటే, క్లైవ్ రెండు ఒప్పందాలు రాయించిండు. తెల్లకాగితం మీద అసలుది, ఎర్రకాగితం మీద ఉత్తది. ఉత్తదాని మీద సంతకం పెట్టనని అడ్మిరల్ వాట్సన్ మొండికేస్తే, ఆయన సంతకం కూడా వేరేవాళ్లతో పెట్టించిండు. తర్వాత పార్లమెంటు విచారణల అడిగితే, అవసరమైతే మళ్లీ చేస్తనన్నడు! ఒప్పందాలు నమ్మి మోసపోవుడు ఎట్లుంటదో మనకు ఒకరు చెప్పాల్నా?

1744ల మద్రాసుల దిగినప్పుడు క్లైవ్ పద్దెనిమిదేళ్ల కంపెనీ గుమాస్తా. తర్వాత కత్తి పట్టిండు గానీ కలం విడువలేదు. 1765 ఆగస్టు 12న మొఘల్ పాదుషా షా ఆలంతో బెంగాల్, బీహార్, ఒరిస్సాల దివానీ, అంటే పన్ను వసూలు హక్కు, రాయించుకున్నడు. ఏటా 26 లక్షలు ఇస్తమన్నరు, పనైపోయింది. అప్పుడే ఉత్తర సర్కార్లకూ ఫర్మానా సంపాదించిండు. అవి నిజాం ఏలుబడిల ఉన్న తెలుగు జిల్లాలు. నిజాం అలీ ఖాన్ ఊకోలేదు. 1766 నవంబర్‌ల ఏటేటా సొమ్ము కట్టే షరతు మీద కంపెనీ ఆయనతోని ఒప్పందం చేసుకుంది. గుంటూరు తర్వాత చేతికొచ్చింది. కోస్తా కంపెనీకి, ఇవతలి నేల నిజాంకు. తెలుగు గడ్డ మీద ఆ గీత కాగితంతోనే పడ్డది. రైతునెవరడిగిండ్రు?

దివానీ ఫలితం బెంగాల్ ముందు చూసింది. 1769–70 కరువుల మూడో వంతు జనం పోయిండ్రని వారెన్ హేస్టింగ్సే రాసిండు. 1771 వసూళ్లు మాత్రం 1768ని మించినయట.

1773ల పార్లమెంటు ఏమన్నది? క్లైవ్ 2,34,000 పౌండ్లు తీసుకున్న మాట నిజమే, అయితే దేశానికి గొప్ప సేవ చేసిండన్నది. మరుసటేడు నవంబర్ 22న, 49 ఏండ్లకు, లండన్ ఇంట్ల చనిపోయిండు. తానే ప్రాణం తీసుకున్నడన్నది చాలామంది మాట. కడుపునొప్పి, నల్లమందు చాలాకాలంగా వెంటపడ్డయి. పశ్చాత్తాపమే చంపిందని కొందరంటరు. మేం నమ్మం. పశ్చాత్తాపపడే మనిషి పైసా అయినా వాపసిస్తడు. సొంతూరు చర్చిల పేరు చెక్కకుండ పూడ్చిండ్రు.

విగ్రహాలు మాత్రం తర్వాత లేచినయి. లండన్‌ల విదేశాంగ కార్యాలయం పక్కనే ఒకటి ఉన్నది. ష్రూస్‌బరీ పట్టణంల ఉన్నదాన్ని తీసేయమని 2020ల వేలమంది సంతకాలు పెట్టిండ్రు. కౌన్సిల్ ఓటింగ్ పెట్టి, ఉంచుదమన్నది.