మాట లేకుండా నడిచిన కథ

జర్మన్ దర్శకుడు ఎఫ్.డబ్ల్యూ. ముర్నావ్ 1924లో తీసిన మూకీ చిత్రం ‘ది లాస్ట్ లాఫ్’లో సంభాషణల కార్డులు దాదాపు లేవు. అయినా కథ ఎక్కడా తడబడదు.

పెద్ద హోటల్ గుమ్మం దగ్గర నిలబడే ముసలి దర్వానుకు మెరిసే గుండీల కోటే పరువు. వయసు మీదపడిందంటూ యాజమాన్యం ఆ కోటు విప్పించి, మరుగుదొడ్ల దగ్గర పనికి పంపుతుంది. అప్పటిదాకా దర్జాగా నిలబడ్డ దర్వాను పాత్రధారి ఎమిల్ జానింగ్స్ నడుము వంగిపోతుంది. అవమానం ఎంత లోతుకు దిగిందో ఆ నడకే చెబుతుంది.

దర్వాను తాగి తూలే ఘట్టంలో ఛాయాగ్రాహకుడు కార్ల్ ఫ్రాయిండ్ కెమెరాను ఛాతీకి కట్టుకుని తానూ తూలాడు. తెరమీద గది ఊగుతుంటే చూసేవారికీ తల తిరుగుతుంది.

నేటి చాలా సినిమాల్లో పాత్ర ఏడుస్తూ, ఎందుకు ఏడుస్తోందో కూడా చెబుతుంది. ప్రేక్షకుడి చూపు మీద ఇంత అపనమ్మకం తగదు. మన ఫిల్మ్ స్కూళ్లు డైలాగ్ రాయడం నేర్పేముందు ఈ చిత్రం చూపించాలి. మాటల్లేని ఒక్క సన్నివేశమైనా విద్యార్థుల చేత తీయించాలి.