కర్ర ఎవరి చేతిలో ఉంది?

దాడి కేసులో మన సాక్షి బోనెక్కగానే డిఫెన్సు లాయరు అడిగేది తెలిసిందే. ఎవరు ఏ కర్రతో కొట్టారు? ముందు ఎవరి మీద దెబ్బ పడింది? గుంపు తరుముకొస్తుంటే చేలకు అడ్డంపడి పరిగెత్తినవాడు ఇవన్నీ ఎట్లా చూస్తాడని మాత్రం అడగరు.

చట్టం మరీ అంత అమాయకంగా లేదు. పాత ఐపీసీ 34, ఇప్పటి భారతీయ న్యాయ సంహిత 3(5) ప్రకారం ఉమ్మడి ఉద్దేశంతో కలిసి చేసిన నేరానికి ప్రతి ఒక్కడూ తానొక్కడే చేసినట్టు బాధ్యుడు. పాత 149, ఇప్పటి 190 ఇంకో మెట్టు పైన ఉంటుంది. అయిదుగురు లేదా అంతకు మించి చట్టవిరుద్ధంగా గుమిగూడి, ఆ గుంపు లక్ష్యం కోసం ఒకడు నేరం చేస్తే అది అందరి నేరం. స్వయంగా కొట్టక్కర్లేదు. పెద్ద గుంపు దాడిలో ఎవరి పాత్ర ఏమిటో సాక్షి విడివిడిగా చెప్పలేకపోవచ్చని 1964లో మసల్తీ కేసులో సుప్రీంకోర్టు ఒప్పుకుంది. ఊరికే చూడ్డానికి వచ్చినవాడు ఇరుక్కోకూడదని కూడా హెచ్చరించింది. సబబే. మన మీద కౌంటర్ కేసు పెట్టి వాడంతటి పేర్లూ రాసిన రోజున మనకు పనికొచ్చేదీ ఆ హెచ్చరికే.

ఇప్పుడు చుండూరు చూడండి. 1991 ఆగస్టు 6న ఎనిమిది మందిని చంపి, శవాలను గోతాల్లో కుక్కి కాలువలో పడేశారు. సినిమా హాల్లో కాలు తగిలిందన్న గొడవ, ఆ తర్వాత సాంఘిక బహిష్కరణ, అన్నీ దానికి ముందే ఉన్నాయి. 2007లో ప్రత్యేక కోర్టు 21 మందికి యావజ్జీవం, 35 మందికి ఏడాది జైలు వేసింది. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు అందరినీ వదిలేసింది. ఎప్పుడు, ఎక్కడ, ఎవరు చంపారన్నది రుజువు కాలేదంది. ఎనిమిది శవాలు వాటంతటవే గోతాల్లోకి వెళ్లవు కదా!

చాలామంది లా విద్యార్థులు కూడా చదవని ఒక నిబంధన ఉంది. అట్రాసిటీ చట్టం సెక్షన్ 8(బి). గుంపుగా చేసిన అట్రాసిటీ నేరం, భూమి మీదో మరో విషయం మీదో అప్పటికే ఉన్న తగాదాకు కొనసాగింపు అని రుజువైతే, అది ఉమ్మడి ఉద్దేశంతోనో ఉమ్మడి లక్ష్యంతోనో జరిగిందని కోర్టు భావించాలి. కాదని చూపించుకునే బరువు ముద్దాయిల మీద పడుతుంది. ఫలానావాడు ఆ గుంపులో ఉన్నాడని మాత్రం మనమే రుజువు చేయాలి. అక్కడ దగ్గరదారి లేదు.

అందుకే ఫిర్యాదు రాసేటప్పుడు దెబ్బల దగ్గర మొదలుపెట్టకండి. తగాదా దగ్గర మొదలుపెట్టండి. వెలి ఎప్పుడు వేశారు, పొలం పనికి పిలవడం ఎప్పుడు మానేశారు, స్టేషన్లో పాత అర్జీ ఏ తేదీన ఇచ్చారు? ఆ రసీదు జత చేయండి. గుర్తుపట్టిన నలుగురి పేర్లు రాసి ఆపితే 190 అక్కడే పడిపోతుంది. గుంపులో సుమారు ఎంతమంది ఉన్నారో, పేరు తెలియకపోయినా చూస్తే గుర్తుపట్టగలిగేవాళ్లు ఉన్నారో లేదో రాయాలి. అయిదుగురికి తక్కువ లేరని రుజువైతే, మిగతావాళ్లు దొరక్కపోయినా దొరికినవాడికి శిక్ష పడుతుంది.

కులం కారణంగా అయిదుగురు లేదా అంతకు మించి కలిసి తీవ్ర గాయం చేస్తే కొత్త సంహితలో 117(4) ఉంది. ఏడేళ్ల దాకా జైలు. ఎఫ్ఐఆర్ కాపీ ఉచితంగా ఇవ్వాలి, అడిగి తీసుకోండి. 117(4), 190, అట్రాసిటీ సెక్షన్లు అందులో ఉన్నాయో లేదో ఆ రోజే చూడండి. లేకపోతే దర్యాప్తు చేసే డీఎస్పీకి రాతపూర్వకంగా అడగండి. కేసు కోర్టుకు చేరాక 8(బి) సంగతి ప్రత్యేక పీపీకి గుర్తుచేయాల్సిందీ మనమే.