ఇసుక బండి పట్టారు సరే, కాగితం ఏది?

ఏటి ఇసుక ఎవరిది? కాగితం మీద సర్కారుది. రాత్రిపూట చూస్తే కాంట్రాక్టరుది. తెల్లారి కేసు రాసేటప్పుడు మాత్రం నేరమంతా ట్రాక్టరు డ్రైవరుదే!

పొక్లెయినర్లు పెట్టి ఏటిని తోడేసేవాడు స్టేషను మెట్లెక్కడు. కూలికి బండి తోలే మాదిగ పిల్లగాడు, ఫైనాన్సు అప్పుతో ట్రాక్టరు కొన్న మాల రైతు దొరుకుతారు. బండి స్టేషను ఆవరణలో ఎండకు ఎండి వానకు తడుస్తుంది. బ్యాటరీ మాయమవుతుంది. కిస్తీ మాత్రం ఆగదు. అదే పెద్దోడి లారీ అయితే? ఒక ఫోను వస్తుంది, లారీ పోతుంది.

"అంటే ఇసుక దొంగతనాన్ని వెనకేసుకొస్తారా?" అని అడిగేవాళ్ళున్నారు. లేదు. ఏరు ఎండితే ముందు ఎండేది వాడలోని బావే. లోతుగా బోరు వేయించే స్తోమత మనకేది? 2017 జులైలో సిరిసిల్ల దగ్గర నేరెళ్లలో ఇసుక లారీ కింద మనిషి చనిపోతే జనం లారీలు తగలబెట్టారు. ఆ తర్వాత పోలీసులు తమను చిత్రహింసలు పెట్టారని దళిత, బీసీ యువకులు మొత్తుకున్నారు. ఇసుక దందాలో నలిగేది ఎవరో అక్కడే తెలిసింది.

మరి చట్టం ఏమంటోంది? 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం 21వ సెక్షన్ కింద అనుమతి లేని బండిని పట్టొచ్చు. అయితే ప్రత్యేకంగా అధికారం పొందిన అధికారే పట్టాలి. బండిని సర్కారుపరం చేయాలంటే కోర్టు ఉత్తర్వు ఉండాలి. ఎవరి నోటిమాటా చెల్లదు. 22వ సెక్షన్ ప్రకారం, అధికారమున్న ఉద్యోగి రాసిచ్చిన ఫిర్యాదు లేకుండా కోర్టు ఆ చట్టం కింద కేసు చేపట్టదు. అలాగని ధీమాగా ఉండొద్దు. ఏటి ఇసుక ఎత్తుకుపోతే పోలీసులు దొంగతనం కేసు విడిగా పెట్టొచ్చని 2014లో సుప్రీంకోర్టు తేల్చింది. జరిమానా కట్టి రాజీపడ్డా ఆ దొంగతనం కేసు పోదని 2020లో చెప్పింది. కాబట్టి "డబ్బు కట్టు, అంతా అయిపోతుంది" అనే మాట నమ్మొద్దు. కట్టేది ఏదైనా సర్కారు ఖాతాకే కట్టాలి, రశీదు తీసుకోవాలి.

పట్టిన బండి తుప్పుపట్టాలని ఏ చట్టమూ అనలేదు. స్టేషన్లలో బండ్లను ఏళ్ళతరబడి ఉంచొద్దు, ఫోటోలు తీసి, బాండు, పూచీకత్తు తీసుకుని ఇచ్చేయండి అని 2002లోనే సుందర్‌భాయ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న నాగరిక సురక్షా సంహిత ప్రకారం పోలీసులు స్వాధీనాన్ని వీడియో తీయాలి, మేజిస్ట్రేటుకు వెంటనే తెలపాలి. సొత్తు కోర్టు ముందుకొచ్చాక 14 రోజుల్లో దాని వివరం రాయాలి. ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో కోర్టు తేల్చాలి. ఇది 497వ సెక్షన్.

ఇంత చట్టం ఉండగా మన బండ్లెందుకు కుళ్ళుతున్నాయి? కాగితం లేకుండా పడుతున్నారు కాబట్టి. పెద్దోళ్ళ లారీలెట్లా పోతున్నాయి? కాగితం లేకుండా వదులుతున్నారు కాబట్టి. ఈ రెండూ ఒకే చేతి పనులు. ఒకదానితో మన పొట్ట పోతుంది, రెండోదానితో మన ఏరు పోతుంది.

అందుకే ఊరూరా సంఘాలు ఈ పని పట్టాలి. బండి పట్టిన రోజే పంచనామా నకలు అడగండి. నెంబరు, టైము, పట్టినవారి హోదా రాసి పెట్టుకోండి. చదవకుండా వేలిముద్ర వేయొద్దు. లాయరుకు డబ్బు లేదని ఆగొద్దు. 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ కింద ఎస్సీ, ఎస్టీలకు ఉచిత న్యాయ సాయం హక్కు. విడుదల కోసం కోర్టులో దరఖాస్తు వేయించండి. డ్రైవరు మీదే కేసు రాస్తే, "లోడు ఎత్తించినోడి పేరేది? ఇసుక కొన్నోడి పేరేది?" అని నిలదీయండి.

సమాచార హక్కు చట్టం కింద మరో దరఖాస్తు పెట్టండి: ఈ ఏడాది మండలంలో పట్టిన ఇసుక బండ్లెన్ని? ఎవరివి? ఏ ఉత్తర్వుతో వదిలారు? ఆ జాబితాను ఊరి నడుమ చదివి వినిపించండి. ఏటిని ఎవడు మింగుతున్నాడో, జైలుకు ఎవడు పోతున్నాడో జనానికే తెలుస్తుంది.