ఆఖరి కావడి

మాటలు లేని సినిమా చూద్దాం రమ్మంటే మా ఆవిడ, "మాటలు రాసేవాడికి ఇవ్వడానికి డబ్బు లేకపోయిందా యేం?" అంది. వేళాకోళానికే అంది గాని, ఆ నిర్మాతకు డబ్బు లేకపోవడం మాత్రం నిజం!

ఆయన పేరు కనేతో షిండో. 1912లో హిరోషిమా జిల్లాలో పుట్టాడు. షోచికు అనే పెద్ద కంపెనీలో కథలు రాస్తూండేవాడు. ఆ కథల్లో చీకటి పాలు హెచ్చని పైవాళ్లు సణిగేవారు. 1950లో దర్శకుడు యోషిమురా, నటుడు తోనోయామా తోడురాగా బయటికి వచ్చేసి, సొంత సంస్థ పెట్టాడు.

పెట్టడం తేలికే. తీసిన బొమ్మ ఆడడానికి హాళ్లు కావద్దూ? జపానులో ఆనాడు హాళ్లమీద పెత్తనం పెద్ద కంపెనీలదే. 1952లో ఉపాధ్యాయ సంఘం అండతో 'హిరోషిమా పిల్లలు' తీశాడు. పేరు వచ్చింది గాని, సంఘంవారికి తృప్తి కలగలేదు. వారు వేరే చిత్రం తీయించుకున్నారు. హైడ్రోజన్ బాంబు బూడిద మీద పడిన జాలరుల కథను 1959లో తీస్తే, జనం ఆదరించలేదు. ఇక సంస్థ మూసేయవలసిందే అన్నంతవరకూ వచ్చింది.

ఆ స్థితిలో మీరూ నేనూ అయితే యేం చేస్తాం? ఈసారైనా జనం మెచ్చేదేదో తీద్దామనుకుంటాం. షిండో అలా అనుకోలేదు. యే చీకటి కథలకోసం ఉద్యోగం వదిలాడో, అలాంటి కథకే మిగిలిన డబ్బంతా వొడ్డాడు.

పదముగ్గురు మనుషులతో సుకునె అనే చిన్న దీవికి వెళ్లాడు. అక్కడ తీసిందే 1960లో వచ్చిన 'హదకా నో షిమా', అంటే బోడి దీవి. అందులో భార్యాభర్తలు పక్క దీవినుంచి పడవలో నీళ్లు తెచ్చి, కావళ్లతో కొండెక్కి మొక్కలకు పోస్తారు. మళ్లీ దిగుతారు, మళ్లీ యెక్కుతారు. వొకసారి ఆమె కాలు జారి నీళ్లు వొలికిపోతాయి. భర్త చెంప ఛెళ్లుమనిపిస్తాడు. తర్వాత పెద్ద కొడుకు జ్వరంతో పోతాడు. ఆ తల్లి నీళ్లు పారబోసి, మొక్కలు పీకి, నేలమీద పడి యేడుస్తుంది. కాసేపటికి లేచి మళ్లీ నీళ్లు పోస్తుంది.

1961లో మాస్కో చిత్రోత్సవంలో ఆ చిత్రానికి పెద్ద బహుమతి వచ్చింది. అరవై పైచిలుకు దేశాలవారు కొనుక్కున్నారు. అప్పులు తీరాయి, సంస్థ నిలిచింది. షిండో తొంభై యెనిమిదో యేటిదాకా చిత్రాలు తీసి, 2012లో నూరేళ్లు నిండాక కన్నుమూశాడు.

చూస్తున్నంతసేపూ మా ఆవిడ మాటల వూసే యెత్తలేదు. మర్నాడు పొద్దున నా చేతిలో బిందె తొణికి వంటింటి గచ్చంతా తడిసింది. మామూలుగా అయితే నాలుగు మాటలు పడేవే. ఆవిడ ఆ నీళ్లవంక కాసేపు చూసి, గుడ్డ తెచ్చి తుడిచింది.