డ్రాప్‌డౌన్‌లో లేని తమ్ముడు

మా ఆఫీసు లీవు అప్లికేషన్‌లో "బిరీవ్‌మెంట్" అని ఒక రకం ఉంది. అది నొక్కితే, పోయినవాళ్ళు మీకేమవుతారని ఒక డ్రాప్‌డౌన్ వస్తుంది. తల్లి, తండ్రి, భార్య లేదా భర్త, పిల్లలు, తోబుట్టువులు. అంతే. ఎంత కిందకి వెళ్ళినా పెదనాన్న కొడుకు లేడు.

కిందటి నెల పోయింది వాడే. 23 ఏళ్ళు, బ్లడ్ క్యాన్సర్. ఏలూరులో ఒకే ఇంట్లో పెరిగాం. వాణ్ణి తమ్ముడు అనడమే గానీ నాకు వేరే మాట తెలీదు. హెచ్చార్‌కి మాత్రం వాడు "కజిన్". క్యాజువల్ లీవు పెట్టుకోమన్నారు. అవి మూడే మిగిలున్నాయి. మిగతా రోజులు లాస్ ఆఫ్ పే.

మైల మీద నాకు పెద్ద నమ్మకం లేదు గానీ, దాని లెక్క చూడండి. చాలా ఇళ్ళల్లో దాయాదులందరికీ పది రోజులు. అంటే పెదనాన్న కొడుకు పోయినా అందరూ పనులు మానుకుని ఒకచోట ఉండాలన్నమాట.

ఉంటే ఏమవుతుందంటారా? తాడేపల్లిగూడెం నుంచి వచ్చిన మేనత్త రోజూ పెద్దమ్మ పక్కన కూర్చుని నాలుగు ముద్దలు తినిపించేది. ఆకివీడు బాబాయి చేపల చెరువులు కాపలావాళ్ళకి వదిలేసి వచ్చి, రాత్రుళ్ళు పెదనాన్న పక్కనే అరుగు మీద పడుకునేవాడు. మాటల్లేవు. ఆరో రోజు రాత్రి, చిన్నప్పుడు కొల్లేటికోట పెద్దింట్లమ్మ జాతరకి వెళ్తూ వాడు దోనెలోంచి కొత్త చెప్పులు నీళ్ళల్లో పడేసుకున్న సంగతి ఎవరో ఎత్తారు. పెదనాన్న నవ్వారు. వెంటనే భోరుమన్నారు. వాడు పోయాక ఆయన ఏడవడం అదే మొదలు.

మూడు రోజుల లీవులో ఆరో రోజు రాదు.

ఇది కుదరని పనేం కాదు. ఫేస్‌బుక్ 2017లో దగ్గరి కుటుంబానికైతే 20 రోజులు, మిగతా బంధువులకైతే 10 రోజులు ఇస్తామని ప్రకటించింది. బ్రిటన్‌లో 2020 ఏప్రిల్ నుంచి, 18 ఏళ్ళలోపు బిడ్డని పోగొట్టుకున్న ఉద్యోగులకి రెండు వారాల సెలవు చట్టం ప్రకారమే వస్తోంది.

"ఇలాగైతే మనవాళ్ళు ఒక్కో తాతయ్యని పదిసార్లు చంపేస్తారు" అంటారు మేనేజర్లు :) నిజమే. కానీ అబద్ధం చెప్పేవాడు ఇప్పుడూ చెబుతూనే ఉన్నాడు. ఉన్నది ఉన్నట్టు చెప్పినవాడికే లీవు లేదు.

నా మటుకు నాకు ఆ డ్రాప్‌డౌన్ తీసేస్తే చాలనిపిస్తుంది. ఏడాదికి పది రోజులివ్వండి, ఎవరు దగ్గరివాళ్ళో మమ్మల్నే చెప్పనివ్వండి.

మీ ఆఫీసు లిస్టులో ఎవరెవరున్నారో ఒకసారి చూడండి. అవసరం పడకముందే చూస్తే, అడగడానికి ఓపిక ఉంటుంది.