షాపు కరెంటు బిల్లుపై పేచీ : గడప తప్పితే గడువు గల్లంతు

గండిమైసమ్మ : నర్సాపూర్ రోడ్డు, మేడ్చల్ - మియాపూర్ రోడ్డు కలిసే గండిమైసమ్మ చౌరస్తా చుట్టూ షెడ్లు, గోదాములు, దుకాణాలు పెరిగాయి. అద్దెకు నడిచేవి వాటిలో తక్కువేమీ కాదు. కరెంటు సర్వీసు ఒకరి పేర, వ్యాపారం మరొకరిది. బిల్లు తగాదాలు పుట్టడానికి ఇంతకంటె అనువైన పరిస్థితి ఉండదు. నెలకు ఏడెనిమిది వేలు కట్టేవారి చేతికి ఒక్కసారిగా లక్షన్నర నోటీసు వస్తే, కంగారులో ముందు గుర్తొచ్చేది వినియోగదారుల కోర్టు. చిక్కు అక్కడే మొదలవుతోంది.

చిన్న లెక్క చూస్తే సంగతి బోధపడుతుంది. పరిశ్రమకని కనెక్షన్ తీసుకున్న షెడ్డులో సరుకు అమ్మే షాపు నడుస్తోందనుకోండి. వాడకం నెలకు 1,000 యూనిట్లు. 2022-23 టారిఫ్ ఉత్తర్వు ప్రకారం పరిశ్రమకు యూనిట్ 7 రూపాయల 70 పైసలు. అంటే 7,700 రూపాయలు. అదే వాణిజ్య కేటగిరీలో 8.50తో మొదలై 500 యూనిట్లు దాటాక 11 రూపాయలవుతుంది. మొత్తం 10,410. స్థిర ఛార్జీలు వేరు. తేడా నెలకు 2,710. ఏడాదికి 32,520 రూపాయలు.

కేటగిరీ పొరపాటుగా పడిందని తేల్చి సంస్థ వేసే అదనపు బిల్లు ఇంతే అవుతుంది. అదే సంగతిని 2003 విద్యుత్ చట్టం 126వ సెక్షను కింద 'అనధికార వినియోగం'గా రాస్తే రేటు రెట్టింపు. ఎప్పటినుంచి అలా వాడుతున్నారో తేలకపోతే తనిఖీకి ముందు 12 నెలలకు లెక్క కడతారు. కట్టిన సొమ్ము మినహాయించినా 1,57,440 రూపాయలు తేలుతుంది. షాపు అదే, మీటరు అదే. మారింది కాగితం మీద సెక్షను మాత్రమే.

ఆ సెక్షనును బట్టే వెళ్లవలసిన చోటూ మారుతుంది. మామూలు బిల్లు, మీటరు, కేటగిరీ ఫిర్యాదులకు దక్షిణ డిస్కం పరిధిలో వినియోగదారుల ఫిర్యాదుల పరిష్కార వేదిక ఉంది. అక్కడ న్యాయం జరగలేదనుకుంటే హైదరాబాదులో విద్యుత్ అంబుడ్స్‌మన్ ఉన్నారు. 126 కేసులను మాత్రం ఆ వేదిక ముట్టుకోదు. సివిల్ కోర్టుకు పోదామంటే 145వ సెక్షను అడ్డం. ఇక వినియోగదారుల కోర్టు మాట. ఉత్తరప్రదేశ్ పవర్ కార్పొరేషన్, అనీస్ అహ్మద్ కేసులో 2013లోనే సుప్రీంకోర్టు 126 కింద వేసిన అంచనాపై అక్కడ ఫిర్యాదు చెల్లదని తేల్చింది. హైకోర్టులో రిట్ వేసే దారి మూసుకుపోలేదు గాని, ముందు అప్పీలు చేసుకొని రమ్మనడమే అక్కడ ఎక్కువ.

అప్పీలుకేమో గడువు 30 రోజులే. తాత్కాలిక అంచనా అందగానే అభ్యంతరం రాసివ్వాలి, విచారణ కోరాలి. నోటీసు అందిన 30 రోజుల్లో అధికారి తుది ఉత్తర్వు ఇవ్వాలి. దానిపై 127వ సెక్షను కింద అప్పీలుకు సగం సొమ్ము ముందే జమ చేయాలి. తప్పు చేయలేదని వాదించే చిన్న వ్యాపారి సైతం వాదన వినిపించడానికే అప్పు తేవాలన్నమాట. ఇది కష్టమైన షరతే. రేపు కనెక్షన్ కోస్తారన్న భయంతో అంచనాకు ఒప్పుకొని సంతకం పెడితే, ఆ సమ్మతి మీద వచ్చిన ఉత్తర్వుకు అప్పీలే లేదు.

'సర్వీసు నా పేర లేదుగా' అన్న అద్దెదారు మాటా నిలవదు. నోటీసు ఇవ్వవలసింది ఆ చోటు ఎవరి స్వాధీనంలో ఉంటే వారికి. ఆ వాడకం వల్ల లాభపడిన వారి నుంచీ సొమ్ము వసూలు చేయవచ్చు. నోటీసును యజమానికి పంపి ఊరుకుంటే గడువు కాస్తా దాటిపోతుంది.

మామూలు బిల్లు బకాయి విషయంలో చట్టం కొంత దయ చూపింది. 56వ సెక్షను ప్రకారం 15 రోజుల నోటీసు లేనిదే కనెక్షన్ తీయరాదు. బిల్లు వివాదంలో ఉందని రాసిచ్చి, అడిగిన మొత్తం, గత ఆరు నెలల సగటు ఛార్జీ - ఈ రెంటిలో ఏది తక్కువైతే అది కడితే, తగాదా తేలేదాకా సరఫరా ఆపరాదు. ఈ వెసులుబాటు ఉందని వ్యాపారులకు చెప్పే పని కరెంటు ఆఫీసు చేస్తే సగం పేచీలు కౌంటరు దగ్గరే ఆగుతాయి.

పాత బకాయిల సంగతి మరొకటి. రాజస్థాన్‌లో రహమతుల్లా ఖాన్ అనే వినియోగదారుకు 2009-11 నాటి వాడకంపై 2014లో అదనపు బిల్లు వేశారు. కేటగిరీ తప్పు పడిందని ఆడిట్‌లో తేలిందట. రెండేళ్లు దాటాక బిల్లు వేయవచ్చుగాని, దాని కోసం కనెక్షన్ పీకరాదని 2020 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు చెప్పింది.

షెడ్డు కొనేవారికి ఆ పాటి ఊరట కూడా లేదు. అమ్మేవారు బకాయి తీర్చకపోతే ఆ ఆవరణకు సరఫరా నిరాకరించవచ్చని సరఫరా నిబంధనల్లోనే ఉంది. పాత యజమాని బాకీని వేలంలో కొన్నవారి నుంచి కోరేందుకు ఇలాంటి నిబంధనలు చెల్లుతాయని 2023 మేలో కె.సి. నినన్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. రిజిస్ట్రేషన్‌కు ముందు ఈసీ తీయించేవారు అదే పూట సర్వీసు నంబరు పట్టుకొని కరెంటు ఆఫీసుకూ వెళ్లి, బకాయి లేదని కాగితం రాయించుకోవాలి.